ఫింజాను కింద పెట్టిన సాయంత్రం

మొన్న శుక్రవారం మా బాబా పెద్ద కొడుకు న్యూజిలాండ్ నుంచి ఒక వీడియో పంపాడు. బాబా అంటే గడ్డం స్వామి కాదు, నా కఫీల్. వీసా ఇచ్చి నన్ను తెచ్చుకున్న ఇంటి యజమాని. సౌదీలోని ఖమీస్ ముషైత్‌లో ఆ ఇంటికి నేను డ్రైవర్ని. వీడియోలో నేలలోంచి బుసబుసమని ఆవిర్లు లేస్తున్నాయి, బురద కుతకుత ఉడుకుతోంది, గుంతలో పూడ్చి వండిన మాంసాన్నీ దుంపలనూ గంపలకెత్తి తెస్తున్నారు. తర్వాత ఆ నేల మనుషులు, మావోరీలట, వరుసగా నిలబడి తొడలు చరిచి, కళ్ళు ఉరిమి, నాలుకలు బయటపెట్టి ఆట ఆడారు. చూడవచ్చినవాళ్ళు భయపడాలో చప్పట్లు కొట్టాలో తేల్చుకోలేక రెండూ చేస్తున్నారు. బోనాలనాడు పోతరాజు కొరడా తగిలేంత దూరంలో నిలబడి నవ్విన మొఖం నాది, నాకేం భయం. కింద పిల్లవాడు రాశాడు: ఇలాంటి సాయంత్రం ఎప్పుడైనా చూశావా అని. చూశాను నాయనా, మీ నాన్న మేనమామ దగ్గరే చూశాను, నువ్వు చదువులకని రియాద్‌లో ఉన్నావు అప్పుడు, అని జవాబు రాద్దామని కూర్చున్నాను. నా అరబ్బీకి అంత ఊపిరి లేదు. బడి నన్నూ నేను బడినీ ఏడో తరగతిలోనే వదిలేసుకున్నా తెలుగైతే ఇంకా నా మాట వింటుంది కాబట్టి మీకు చెబుతున్నాను.

ఆ రోజుల్లో ఆ ఇంట్లో వంటకు ఒక అక్క ఉండేది. రాయచోటి వైపు మనిషి. నాది జగిత్యాల దిక్కు. మేమిద్దరం తెలుగులోనే మాట్లాడుకుంటాం అని ఇంట్లోవాళ్ళు అనుకునేవాళ్ళు గానీ, మొదటి ఆర్నెల్లు మేం ఒకరినొకరు అనువదించుకోవడంతోనే సరిపోయింది. నేను ‘జర ఆగు’ అంటే నాకు జ్వరం వచ్చిందేమోనని ఆమె అనుకునేది. ఇంటావిడను అక్క ‘మామా’ అని పిలిచేది, ఇక్కడ అదే పద్ధతి. నాకు మాత్రం ఆ పిలుపు విన్నప్పుడల్లా ఆవిడకు మీసాలూ భుజాన తువ్వాలూ కనిపించేవి. ఒకసారి ఆ మాట అక్క చెవిలో వేశాను. వారం రోజులు పాపం మామాకు టీ ఇవ్వాలంటే నోటికి కొంగు అడ్డం పెట్టుకుని వెళ్ళేది. అక్క చేసే గహ్వా ఆ వీధిలోనే పేరు. పచ్చి తగ్గేదాకా మాత్రమే వేయించిన కాఫీ గింజలు, దంచిన యాలకులు, చిటికెడు కుంకుమపువ్వు. పొద్దున ఒకసారి, అసర్ నమాజు తర్వాత ఒకసారి, చుట్టాలు వస్తే లెక్కలేనన్నిసార్లు. తను మాత్రం ఒక్క గుక్క తాగేది కాదు. “కషాయమబ్బా అది, జ్వరమొస్తే తాగేది” అనేది. ఆమె తాగలేదంటే ఆమెకెవరూ పోయలేదు కూడా. గహ్వా వంటింట్లోంచి బయటికి పోయేదే తప్ప వెనక్కి వచ్చేది కాదు.

ఆ ఏడాది చలికాలంలో అక్క ఒక్కగానొక్క కూతురు నిండు నెలలకు దగ్గర పడింది. తొలి కాన్పు పుట్టింట్లోనే జరగాలి కదా. పుట్టిల్లు ఉంది, తాళం వేసి ఉంది. తాళం తీయవలసిన తల్లి ఇక్కడ ఖర్జూరాల్లో గింజలు తీస్తోంది. సెలవు మీద పోయి రావడానికి ఖురూజ్, అంటే దేశం దాటే అనుమతి, కావాలి, అది కఫీల్ ఇవ్వాలి. ఆయనతో ఆడమనిషి సూటిగా మాట్లాడే అలవాటు ఆ ఇంట్లో లేదు. ఏదైనా మామా ద్వారా పోవాలి. మామా చెడ్డది కాదు. ఎదురుగా రంజాన్ ఉంది, ఇంటినిండా ఇఫ్తారుకు వచ్చేవాళ్ళు, సంబూసాలు, అదే మన సమోసాలు, చుట్టే చేతులు అక్కవి. అందుకని అడిగినప్పుడల్లా “ఈద్ అయ్యాక” అనేది. ఈద్ అయ్యేదాకా కడుపులో బిడ్డ ఆగుతుందా. “నాకు తెలుసులే తమ్ముడూ, ఆ యమ్మకు ఇల్లు గడవల్ల గదా” అనేది అక్క. మళ్ళీ తనే, “నొప్పులొచ్చినబ్బుడు అది అమ్మా అని అరిస్తే, పక్కనుండేదెవురు?” అనేది. నేను ప్రతిదానికీ ఒక జోకు వేసే మనిషిని. దానికి మాత్రం బండి కడగాలని లేచిపోయేవాణ్ణి.

సెలవుల్లో బాబా మేనమామ అందర్నీ పిలిచాడు. ఆయన్ని అందరూ ఖాల్ అంటారు, అంటే మేనమామ అనే. జీజాన్ వైపు కొండల అడుగున ఆయన ఊరు. అక్కడ వేడినీటి ఊటలున్నాయి. ఈమధ్య యాత్రలకు జనం పెరిగాక, సాయంత్రం పూట ఊటలు చూపించి, భోజనం పెట్టి, తన మనుషులతో ఆట ఆడించి పంపడం మొదలుపెట్టాడు. చుట్టాలకు అన్నీ ఊరికే, కానీ బస్సు జనం మధ్యలోనే కూర్చోవాలి. బాబా, మామా, చిన్నపిల్లలు, పిల్లల్ని పట్టుకోవడానికి అక్క, అందర్నీ పట్టుకోవడానికి నేను. ఘాట్ దిగుతుంటే కోతుల మంద దారికి అడ్డం పడింది. ఇక్కడి కోతులకు జూలు ఉంటుంది, మనవాటికన్నా పొగరు. ఒక పెద్దది బానెట్ మీదెక్కి అద్దంలోంచి నన్నే చూసింది.

“లైసెన్సు అడుగుతున్నదక్కా,” అన్నాను.

“సూపీ మరి. ఫోటోలో నువ్వూ అదీ ఒకటే ఉండారు, ఇడ్సిపెడ్తాది,” అంది. బాబా ఎందుకు నవ్వుతున్నారని అడిగితే, కోతిని పొగుడుతోంది అని చెప్పాను.

ఊటల దగ్గర బండి దిగేసరికి కుళ్ళిన కోడిగుడ్ల వాసన గుప్పుమంది. అక్క మొఖం మాడిపోయింది. పిల్లలకని పొద్దున ఉడకబెట్టి తెచ్చిన గుడ్ల డబ్బా మూత తీసి ఒక్కొక్కటే వాసన చూడటం మొదలుపెట్టింది. అది గుడ్లు కాదు భూమి అని చెప్పడానికి ఆమెను ఊటదాకా నడిపించాల్సి వచ్చింది. రాళ్ళ సందుల్లోంచి నీళ్ళు పొగలు కక్కుతూ వస్తున్నాయి. పచ్చగా నాచు, దాని పక్కన తెల్లగా ఉప్పు పేరుకుని, పొయ్యి మీంచి పొంగిన గంజిలా ఉంది. అరబ్బీలో ఐన్ అంటే ఊట, కన్ను కూడా అదే మాట. కింది మడుగులో నీళ్ళు కాస్త చల్లారుతాయి, అక్కడ అందరూ కాళ్ళు పెట్టుకుని కూర్చున్నారు. అక్క కూడా పాదాలు ముంచి, కళ్ళు మూసుకుని, “బాలింతకు పోసేదానికి ఎంత బాగుంటాయబ్బా ఈ నీళ్ళు,” అంది. అక్కడ కూడా ఆమె ధ్యాస ఆ పురిటి మంచం మీదే.

పొద్దు వాలాక తివాచీలు పరిచారు. గుంతలో నిప్పుల మీద పెట్టి, పైన మూతేసి మట్టి కప్పి ఉడికించిన మేక మాంసాన్ని తవ్వి తీశారు. మూత తీయగానే వచ్చిన వాసనకు ఊట వాసన ఊరొదిలి పారిపోయింది. తర్వాత ఆటగాళ్ళు వచ్చారు. మల్లెలూ మరువం లాంటి ఆకులూ కలిపి కట్టిన దండల్ని తలల చుట్టూ పెట్టుకున్న గడ్డాల మగవాళ్ళు, నడుముకు వంపు బాకులు, భుజానికి భుజం ఆనించి ఒక్కటే గీతగా నిలబడ్డారు. డోలు మీద దెబ్బ పడగానే అన్ని మోకాళ్ళూ ఒకేసారి వంగాయి, అన్ని మడమలూ ఒకేసారి నేలను తాకాయి. కింద కాగుతున్న నీళ్ళే వాళ్ళను పైకి ఎగదోస్తున్నాయా అన్నట్టు లేచారు.

“ఏమబ్బా, మొగోళ్ళు పూలు ముడుచుకున్యారే,” అంది అక్క నోరు తెరిచి.

“నడుముకు కత్తి ఉంటే ఏమన్న పెట్టుకోవచ్చక్కా, అడిగెటోడు లేడు.”

ఒక ఆట ముగిశాక ఖాల్ స్వయంగా గహ్వా కూజా పట్టుకుని లేచాడు. తెల్ల గడ్డం, తల మీద ఆ దండే. తన చేత్తో ప్రతి మనిషికీ పోయడం ఆయన పట్టుదల. బాబాకు పోశాడు, మామాకు పోశాడు, నాకు పోశాడు. తివాచీ అంచున పిల్లల్ని ఒడిలో పెట్టుకున్న అక్క ముందు కూడా వంగి, ఒక ఫింజాను చేతికిచ్చి పోశాడు. అక్క బిత్తరపోయింది. ఎన్నేళ్ళుగానో గహ్వా కాచిన మనిషికి, ఒకరు పోసి ఇవ్వడం అదే మొదటిసారి. పిడి లేని చిన్న గిన్నె అది, చుర్రుమంది. మనింట్లో ఏం చేస్తాం, టీ వేడిగా ఉంటే కింద పెడతాం, కాస్త ఆరనిస్తాం. అక్క కూడా ఫింజానును తన ముందు తివాచీ మీద పెట్టింది.

ఖాల్ అడుగు ఆగిపోయింది. బాబా తిరిగి చూశాడు. పక్క తివాచీల మీదివాళ్ళూ ఇటు తిరిగారు. ముసలాయన కూజా దించి, అక్క ఎదురుగా మోకాళ్ళ మీద కూర్చున్నాడు. “నీ అక్కర ఏమిటి, చెప్పు బిడ్డా. అది తీరేదాకా నా ఇంట్లో ఈ గహ్వా నువ్వు తాగవద్దు,” అన్నాడు. అప్పుడు తెలిసింది నాకు. ఈ కొండల్లో అతిథి ఫింజాను తాగకుండా కింద పెట్టాడంటే, నాకొక కోరిక ఉంది అని అర్థం. గృహస్థు అది తీర్చాల్సిందే, తీర్చకపోతే పరువు పోతుంది. గహ్వా కాచడం తెలిసిన అక్కకు ఈ చట్టం తెలియదు, ఎందుకంటే ఆమె ఎప్పుడూ అతిథి కాలేదు.

మామా ఇబ్బందిగా నవ్వి, “ఆమె మా పనిమనిషి ఖాల్, ఆమెకు మన పద్ధతి తెలియదు,” అంది.

“ఆమెకు తెలియకపోతే ఏం,” అన్నాడు ముసలాయన, “ఫింజానుకు తెలుసు.”

అక్క నా వైపు చూసింది. “ఏమంటాండాడబ్బా? చక్కెర గావల్నా అనా?”

“చక్కెర కాదక్కా. వరం కోరుకోమంటున్నడు. ఏదడిగినా ఇస్తడట. జల్ది అడుగు.”

“ఎగతాళి జేయొద్దు, అందురూ సూస్తాండారు,” అంది. అనడమే కాదు, సిగ్గుతో ఆ కాఫీ గటుక్కున తాగేసి గొడవ వదిలించుకుందామని ఫింజాను మీద చేయి వేసింది. జీవితమంతా నవ్వించిన వాడిని, ఆ ఒక్క నిమిషం నమ్మించాలి.

“తాగకక్కా. తాగినవంటే పాయె. నిజంగ చెప్తున్న, నా మీద ఒట్టు.”

“నీ మీద నువ్వు ఒట్టేసుకుంటే నేను నమ్మల్నా?”

“నీ బిడ్డ మీద ఒట్టు. ఆమె కడుపుల ఉన్నదాని మీద ఒట్టు.”

అక్క చేయి వెనక్కి తీసుకుంది. నా మొఖంలోకి చూసింది, అక్కడ నవ్వు లేదని రూఢి చేసుకుంది. నేను ఆమె తరఫున మాట్లాడటానికి గొంతు సవరించుకున్నాను. నా అవసరం రాలేదు. కొంగు తల మీదకు లాక్కుని, ముసలాయన కళ్ళలోకి చూస్తూ తన వంటింటి అరబ్బీలోనే చెప్పేసింది. “బింతీ బేబీ. అవ్వల్ బేబీ. అనా ఉమ్మ్. అనా లాజిమ్ రూహ్.” కూతురికి బిడ్డ, మొదటి బిడ్డ, నేను తల్లిని, నేను పోవాలి. అందులో వ్యాకరణం లేదు, వాదన లేదు, కాదనడానికి సందు కూడా లేదు.

ఖాల్ లేవలేదు. మేనల్లుడి వైపు తల తిప్పి, “వింటివి కదా. అడిగింది నన్ను, తాళం నీ దగ్గరుంది,” అన్నాడు. మామా సంబూసాల మాట ఏదో ఎత్తబోయింది. అక్క ముఖం చూసి ఆపేసి, తన భర్త మోచేతిని తట్టింది. అది ‘ఇవ్వు’ అనే తట్టడమే. బాబా జేబులోంచి ఫోన్ తీశాడు. ఇప్పుడు ఖురూజ్ అంతా ఫోన్‌లోనే. ఆ లోయలో సిగ్నల్ లేదు. ఎందరికో యజమాని అయిన ఆ పెద్దమనిషి పొడవాటి తోబు అంగీని ఒక చేత్తో ఎత్తి పట్టుకుని, ఇంకో చేత్తో ఫోన్ ఆకాశానికి చూపిస్తూ ఊట పక్కన బండరాయి ఎక్కాడు. ఆవిర్ల మధ్య ఆయన అటు తిరిగి ఇటు తిరిగి, ఆఖరికి పైనుంచి కేకేశాడు: “ఇష్రబీ గహ్వతిక్.” నీ గహ్వా తాగు. బస్సు జనం చప్పట్లు కొట్టారు. అక్క ఫింజాను ఎత్తి, మా అందరి ముందూ, జ్వరం మందు తాగినట్టు మొఖం పెట్టి ఆఖరి చుక్కదాకా తాగింది. ఖాల్ తన తల మీది దండ తీసి ఆమె ఒడిలో పెట్టి ఆటగాళ్ళ వరుసలో చేరాడు. నన్ను కూడా ఎవరో లాగారు. వాళ్ళ అడుగు నాకు రాదు, బోనాల అడుగే వేశాను. ఎవరూ తప్పు పట్టలేదు.

ఆ రంజాన్‌లో సంబూసాలు నేను చుట్టాను. మూడు మూలలు ఉండాల్సినవి నా చేతిలో ఐదు మూలలు తేలేవి. ఇఫ్తారుకు వచ్చినవాళ్ళు ఇది ఏ దేశపు వంట అని అడిగితే బాబా గంభీరంగా “జగిత్యాల” అనేవాడు. అక్కను అభా ఎయిర్‌పోర్టులో నేనే దింపాను. ఆమె తాళం తీసి, ఇల్లు కడిగి, నీళ్ళు కాచి సిద్ధంగా ఉన్నాకే ఆ పిల్ల భూమ్మీద పడింది, ఆడపిల్ల. అక్క మళ్ళీ వచ్చి కొన్నాళ్ళు చేసి, తర్వాత పూర్తిగా ఇంటికి వెళ్ళిపోయింది.

ఇప్పుడు ఆ మనవరాలు బడికి పోతోంది. ఫోన్‌లో నన్ను తాత అని పిలిచి, పాల పళ్ళు ఊడిన నోటితో నా జుట్టు మీద జోకులేస్తుంది. ఈ ఘాట్ రోడ్ల మీద బండి తిప్పుతూ నా ఏళ్ళు ఎటుపోయాయని ఎవరైనా అడిగితే చెప్పలేను. కానీ ఆ పిల్ల గోడకానుకుని తన ఎత్తు చూపించినప్పుడల్లా, పోయిన కాలం ఎటూ పోలేదని, ఎక్కడో ఒకచోట నిలబడి పెరుగుతూనే ఉందని అనిపిస్తుంది.