నాతో కాదు, కత్తెరతో

మా అత్తగారిని వీధంతా మాస్టరమ్మ అంటారు. గౌనైనా, చొక్కా అయినా, కోటైనా ఆవిడ కత్తిరించిందంటే ఒంటికి అతికినట్టు ఉండాల్సిందే. అది నేను కాదనను. పనిమంతురాలే. మనిషితోనే నాకు పడదు.

ఆవిడది డొంకతిరుగుడు మాట. నాది ముక్కుసూటి నోరు. ఈ రెండింటినీ తెచ్చి ఇంటి ముందుగదిలో, రెండు కుట్టుమిషన్లకీ ఒక బల్లకీ మధ్య పడేశాడు మా ఆయన. పడేసి, తను హాయిగా వ్యాను తోలుకోవడానికి వెళ్లిపోయాడు.

కాపురానికి వచ్చిన దగ్గర్నుంచీ ఆవిడ నాతో నేరుగా మాట్లాడింది లేదు. ఏదన్నా కత్తెరతోనే అనేది. కొత్తలో ఒక చొక్కాకి కుడిచేతిని ఎడమవైపు కుట్టాను. ఆవిడ దాన్ని వెలుతురుకెత్తి చూసింది.

"చూశావటే కత్తెరా, ఈ చొక్కా వేసుకునే మహానుభావుడికి చేతులు వీపువైపు తిరిగి ఉంటాయి కాబోలు."

కత్తెర ఏమంటుంది? నేనే అన్నాను. "ఎక్కడ తప్పిందో నోటితో చెప్పొచ్చుగా అత్తయ్యా?"

"కళ్లున్నవాళ్లకి చెప్పక్కర్లేదే కత్తెరా. లేనివాళ్లకి చెప్పినా దండగే."

చొక్కా కుట్లన్నీ విప్పుకుని కూర్చుంటే తప్ప తప్పెక్కడో నాకు దొరకలేదు. ఆవిడ మాత్రం ఎదురుగా కూర్చుని బొత్తాలు ఏరుకుంటూ ఉంది. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి, ఏడుపుతో కాదు, కోపంతో.

పోనీ ఆవిడకి నేర్పడం చేతకాదా అంటే, అదేం కాదు. పని నేర్చుకోవడానికి వచ్చే పరాయి ఆడపిల్లల దగ్గర ఆ గొంతే వేరు. "ఇలా రా తల్లీ. టేపు భుజం మీద నుంచి పట్టుకో. చంక దగ్గర గీత గుండ్రంగా తిరగాలి, లేకపోతే చెయ్యెత్తగానే బట్ట పట్టేస్తుంది." అరటిపండు ఒలిచి చేతిలో పెట్టినట్టు చెప్పేది. నేను మిషను ఆపి చెవి అటు పడేశానా, వెంటనే, "లోపల పాలు పొంగుతున్నాయేమోనే కత్తెరా, ఈ ఇంట్లో ఎవరికి పడుతుంది కనక" అనేది. లోపలికి పరిగెత్తి చూస్తే పొయ్యి మీద గిన్నె కూడా ఉండేది కాదు.

నాకు కావాల్సింది ఒక్కటే, కత్తిరించడం. కుట్టడం ఎంత వచ్చినా, కత్తెర పట్టడం రాకపోతే జన్మంతా ఒకరి కింద పడి ఉండాల్సిందే. నాకంటూ ఒక చిన్న కొట్టు, తలుపు పైన నా బోర్డు కావాలి. పక్కవీధి దర్జీ దగ్గరికి వెళ్లి నేర్చుకుంటానంటే, "మాస్టరమ్మ కోడలు పరాయి కొట్టు మెట్లెక్కిందంటే, మన మొహాన ఉమ్మేస్తారే కత్తెరా" అంది. అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినా తిననివ్వదు!

మా ఆయనతో చెబితే, "అమ్మ మాటే అంత, మనసు వెన్న" అన్నాడు. ఆ వెన్నేదో మీరే తినండి అని పక్కగదిలో పడుకున్నాను.

మొన్నామధ్య ఒక మధ్యాహ్నం వకీలమ్మ కోటు గుడ్డ బల్ల మీద పరిచి ఉంది. ఆవిడ గీతలు గీసి, కత్తెర అందుకుని, చాలాసేపు అలాగే నిలబడింది. నేను ఇటు తిరిగి కాలరు కుడుతున్నాను.

"ఇంక చాలు," అంది ఉన్నట్టుండి. "ఇన్నాళ్లూ భరించాను. నీతో నాకింక పని లేదు. పో, ఎక్కడికి పోతావో పో."

నా కాలు మిషను మీదే ఆగిపోయింది. పొమ్మనలేక పొగబెట్టడం అయిపోయింది, ఇప్పుడు పొమ్మనే అంటోంది! లేచి మెళ్లో టేపు తీసి బల్ల మీద విసిరికొట్టాను.

"పోతాను! మీ కొంపలో బొత్తాలు కుట్టడానికి పుట్టలేదు నేను. దారిన పోయే ప్రతివాళ్లకీ నేర్పారు, నన్ను మాత్రం కుక్కకన్నా హీనంగా చూశారు. మీ విద్య మీరే నెత్తిన పెట్టుకుని ఊరేగండి!"

ఆవిడ తెల్లబోయింది. "నిన్నెవరన్నారే? కత్తెరని అన్నాను!"

"ఎప్పుడూ కత్తెరనేగా అంటారు!"

ఆవిడ కత్తెర బల్ల మీద పెట్టి, కుడిచెయ్యి ముందుకు చాపింది. బొటనవేలు ముడవబోయింది. అది ముడుచుకోలేదు. పట్టుదలగా కత్తెర ఎత్తింది, కత్తెర జారి కిందపడింది. ఎన్నాళ్లుగా దాస్తోందో, మణికట్టు పైదాకా వాచి ఉంది.

అయ్యో అనిపించింది. అనిపించినంత మాత్రాన కోపం పోతుందా?

"నాకెందుకు నేర్పలేదు?" అన్నాను. "ఈ ఒక్కటీ నా మొహం చూసి చెప్పండి."

ఆవిడ చుట్టూ చూసింది. గదిలో మేమిద్దరమే ఉన్నాం. చివరికి నావైపు తిరిగింది.

"నేర్పితే పోతావని."

"ఎక్కడికి?"

"వేరే కొట్టు పెట్టుకుని, నా కొడుకుని వెంటేసుకుని. పోయేదానివి కాదూ?"

"పోయేదాన్నే."

"తెలుసు." ఆవిడ స్టూలు లాక్కుని కూలబడింది. "ఇప్పుడు నేర్పుతాను."

"ఇప్పుడైతే పోననా?"

"పోవు. చెయ్యి పడిపోయిన ముసలిదాన్ని వదిలేసి పోయే రకం కాదే నువ్వు. నీ నోరే చెడ్డది."

అరికాలి మంట నెత్తికెక్కింది నాకు. ఇన్నేళ్లలో ఆవిడ నా మొహం మీద అన్న మొదటి మంచిమాట అది. ఆ మాటతోనే నా కాళ్లు కట్టేసింది. పోతానని అరవబోయాను. పోనని నాకూ తెలుసు. వంగి కత్తెర తీశాను.