అమ్మమ్మ చూసిన సబ్‌మెరైన్

ఇది ఒక మహా యుద్ధగాథ. శత్రువుల సబ్‌మెరైన్, సైరన్లు, దీపాలార్పేసిన ఓడరేవు, అన్నీ ఉన్నాయి. అని మొదలుపెట్టాలనే ఉంది గానీ, నిజానికి ఇది ఆ ఓడరేవు పక్కనే ఉన్న మల్కాపురంలో మా వంటింటి కిటికీ గురించి.

డెబ్భై ఒకటి యుద్ధం నాటికి మా అమ్మమ్మకు తొమ్మిదేళ్లు. వాళ్ల నాన్న కట్టిన ఈ ఇంట్లోనే ఉండేది. ఏటా చర్చి వార్షికోత్సవంలో లేచి, ఆ రోజుల్లో దేవుడు తమను ఎలా కాపాడాడో సాక్ష్యం చెబుతుంది. నా చిన్నప్పుడు ఆ సాక్ష్యం అయిదు నిమిషాలు. టీవీలో యుద్ధం సినిమాలు ఎక్కువయ్యాక పన్నెండైంది. ఒక ఏడాది సెర్చిలైట్లు చేరాయి. మరుసటి ఏడాది, నీళ్లలోంచి లేచిన సబ్‌మెరైన్ గొట్టాన్ని బీచ్‌లో నిలబడి కళ్లారా చూసింది. సంఘమంతా ఆమేన్ అంది. నేనూ అన్నాను, స్క్రీన్‌ప్లే బాగుంది మరి.

ఈ ఏడాది వార్షికోత్సవానికి రెండు రోజుల ముందు, మధ్యాహ్నం టీవీలో గొట్టం మళ్లీ లేచింది. అమ్మమ్మ చిక్కుడుకాయలు ఒలవడం ఆపేసింది.

"ఒరే, ఇది నాను సూసిందే."

"అవునమ్మమ్మా. పోయినేడాది కూడా ఈ సోఫాలోంచే సూసేవు."

ఆవిడ నవ్వలేదు. "అయితే సాక్ష్యంలో అబద్ధమాడేనేట్రా?" అంది.

అందరి డ్రామాకీ గాలి తీయడం నాకు అలవాటు. ఈసారి తీసింది ఆవిడ టైరులోంచి. ఆవిడ లెక్కలో వీధి అరుగు మీద ఎంత పెంచి చెప్పినా పరవాలేదు. సాక్ష్యంలో మాత్రం జరిగిందే చెప్పాలి. ఇక చర్చిలో లేవనంది. దాంతో ఇద్దరం కూర్చుని ఆవిడ జ్ఞాపకాలను బియ్యంలో రాళ్లలా ఏరడం మొదలుపెట్టాం.

"సెర్చిలైట్లు కనబడతన్నప్పుడు ఎనకాల మ్యూజిక్ వస్తందా?"

కళ్లు మూసుకుంది. "వస్తంది."

తీసేశాం.

"బీచ్‌లో నువ్వెలాగున్నావు?"

"గాలికి సీర ఎగురుతంది."

"తొమ్మిదేళ్లకి సీరేటి?"

అదీ పోయింది. ఆ సబ్‌మెరైన్‌ని మొదట యుద్ధంలో నేవీ ముంచింది, రెండోసారి ముంచింది మేమే.

చివరికి ఒక్కటి మిగిలింది. వెలుతురు బయటికి పోకూడదని, పోర్టులో పనిచేసే వాళ్ల నాన్న పడవలకు పూసే తారు తెచ్చి వంటింటి కిటికీ అద్దానికి పూశాడు. ఆ వాసనకు ఆవిడ తిన్న అన్నం కక్కేసింది.

"మ్యూజిక్?"

"లేదురా. మాయమ్మ తిట్లు వినబడతన్నాయి."

వెళ్లి చూశాం. అద్దం నల్లగానే ఉంది. ఇన్నేళ్లూ పొయ్యి మసి అనుకున్నాను. నాకు తెలిసిన చరిత్రా సినిమాల్లో చూసిందే; నా బుర్రలోని రాజులందరూ ఒకే గొంతుతో మాట్లాడతారు, డబ్బింగ్ చెప్పినాయన ఒకడే కాబోలు. వాళ్లలో నిజమెంతో గోకి చూసుకోవడానికి నాకు తారు కూడా లేదు.

ఆదివారం ఆవిడ లేచింది. తారు, వాంతి, తిట్లు. రెండు నిమిషాలు. వెనక బెంచీలో ఎవరో "మరి సబ్‌మెరైనేదీ?" అని గొణిగారు. ఆమేన్ కాస్త ఆలస్యంగా వచ్చింది. అమ్మమ్మ తేలిగ్గా కూర్చుంది.

అద్దం మార్పిద్దామని అమ్మ అంటే మాత్రం ఒప్పుకోలేదు. అందుకని మా వంటింట్లో పగలు కూడా లైటు వేసుకోవాలి.