పదును

చమురు డబ్బుతో ఖతార్‌లో ఎక్కడ చూసినా కట్టడాలు లేస్తున్న రోజులవి. వడ్రంగినని తీసుకెళ్ళిన కంపెనీ నా చేత సెంట్రింగ్ పలకలకు మేకులే కొట్టించేది.

ఒక శుక్రవారం అల్ ఖోర్ ఒడ్డున, పడవలు కట్టే ముసలి అరబ్బు ఒకాయన చెక్క చెక్కే బాడిస అంచును రాయికేసి బాదుతున్నాడు. అచ్చం మా నాన్న నాకిచ్చిన బాడిసలాంటిదే. మా ఇళ్ళల్లో పనిముట్టుకు కాలు తగిలితేనే కళ్ళకద్దుకుంటాం.

"అయ్యో, గిదేం పని బాబా!" అని తెలుగులోనే అరిచి ఆయన చెయ్యి పట్టుకున్నాను.

"రేపు మ్యూజియంకి ఇచ్చేస్తున్నా. అద్దాల పెట్టెలో పని మాఫీ. పని లేనిదానికి పదునెందుకు?" అన్నాడు వచ్చీరాని హిందీలో.

క్యాంప్‌కొచ్చి ట్రంకుపెట్టె తెరిచాను. రెండేళ్ళుగా ముట్టని నా బాడిసకు, ఆయన రాయితో చేసిన పని తుప్పే చేసిపెట్టింది.