పేరు రాసి వేసిన వోట్లు

ఏప్రిల్ ఆఖరి వారం, పగలు పదకొండుంబావుకు గిద్దలూరు స్టేషన్లో దిగాము. సిపాయిలం పన్నెండుమందిమి. మా పైన ఒక హవల్దారు. వెంట ఒక సిగ్నలరు, ఒక వంటవాడు. మనిషికి ఒక రైఫిలు, యాభై తూటాలు, ఒక కంబళి, ఒక నీళ్ళ బాటిలు. గాలి లేదు. ఎండకు నల్లమల కొండలు తెల్లబారి ఉన్నాయి. మాతో వచ్చిన కెప్టెన్ దొర స్టేషను పక్క బంగళాలో ఆగిపోయాడు. మాకు అక్కడి నుంచి ఐదు మైళ్ళు నడక. సిగ్నలరు ఎడ్లబండి మీద కూర్చుని టెలిఫోను తీగ విప్పుకుంటూ వెనక వచ్చాడు. మధ్యాహ్నం రెండున్నరకు ఊరి బోర్డు బడి చేరాము. అప్పటికి బాటిల్లో మిగిలిన గుక్కెడు నీళ్ళు నోరు కాలేటట్టు ఉన్నాయి.

మిలిటరీలో ఎక్కడ ఎక్కువ భయపడ్డావని మన చర్చి సంఘంలో చాలామంది నన్ను అడిగారు. బర్మా పేరు చెబుతానని అనుకుంటారు. బర్మాకు ఆ తర్వాత కొన్నేళ్ళకు పోయాను. అక్కడా భయపడ్డాను. కాని ఈ బడిలో ఒక పూట నిలబడినంత భయంగా ఎక్కడా నిలబడలేదు. ఇక్కడ ఒక్క తూటా కూడా పేలలేదు.

ఆ ఊరికి పంచాయతీ బోర్డు ప్రెసిడెంటు ఎన్నిక. మూడు నెలల కింద ఒకసారి జరిగింది. పెట్టె తెరిస్తే వోటర్లకంటే వోట్లు ఎక్కువ తేలాయి. కొట్లాటలో ఇద్దరి తలలు పగిలాయి. ఎన్నిక చెల్లదని పైవాళ్ళు కొట్టేసి మళ్ళీ పెట్టారు. అప్పుడున్న ప్రెసిడెంటు వోట్లతో వచ్చినవాడు కాడు. ప్రభుత్వం నియమించినవాడు. తొమ్మిదేళ్ళుగా ఆయనే. ఊళ్ళో సగం పొలం ఆయనది. ఊరి బయట మా పల్లె ఉన్న దిబ్బ కూడా ఆయనదే. ఆయనకు ఎదురు నిలిచింది ఆంజనేయులు అనే నాలుగెకరాల రైతు. బోర్డు బావిలో పల్లెవాళ్ళను కూడా నీళ్ళు తోడుకోనిస్తానని ఒకే మాట చెప్పాడు. ఆ మాట అన్న వారానికే ఊళ్ళో సభలు పెట్టకూడదని ఉత్తర్వు వచ్చింది.

మా పల్లె అన్నాను. అవును, నేను పుట్టిన చోటే. సైన్యంలో చేరి అప్పటికి మూడేళ్ళు. ప్లటూన్లో తెలుగు వచ్చినవాణ్ణి నేనొక్కణ్ణే, అందుకని పంపారు. సంగతి హవల్దారుకు రైల్లోనే చెప్పాను. ఆయన మలబారు మనిషి, ఇరవై ఏళ్ళ సర్వీసు. ఎన్నిక అయ్యేదాకా నీకు ఊరు లేదు, తండ్రి లేడు అన్నాడు.

ఉత్తర్వులు మూడు. పెట్టెను ఎవరూ తాకకూడదు. బడి చుట్టూ వంద గజాల్లో గుంపు చేరకూడదు. తుపాకి పట్టిన మనిషి వోటరుతో ఒక్క మాట మాట్లాడకూడదు. ఈ మూడోది కెప్టెన్ దొర రెండుసార్లు చదివాడు. సిపాయి నోరు తెరిస్తే, భయపెట్టి వోటు వేయించారని ఎన్నిక మళ్ళీ కొట్టేస్తారు. ఈసారి కొట్టేస్తే ఇక పెట్టేది లేదు. నియమించినవాడే ప్రెసిడెంటుగా ఉండిపోతాడు.

మా పల్లెలో సెంటు భూమి ఉన్నవాడు లేడు. అయినా మాకు ముప్పై ఒక్క వోట్లు ఉన్నాయి. మొదటి యుద్ధంలో ఇరాకులోని బస్రా దాకా పోయివచ్చిన పాత సిపాయిలకు వోటు ఇచ్చారు. చదువు వచ్చినవాళ్ళకు ఇచ్చారు. మిషన్ బడి పుణ్యాన చదువు వచ్చినవాళ్ళు ఊళ్ళోకంటే పల్లెలోనే ఎక్కువ. ఆ ముప్పై ఒకటి ఎటు పడితే గెలుపు అటేనని ఊరంతా లెక్క వేసుకుంది.

మూడో రోజు పోలింగు. ఎనిమిదికి మొదలు, ఐదుకు ఆఖరు. బడి ఒకే గది. బల్ల వెనక పోలింగు ఆఫీసరు, ఆయన గుమాస్తా. పక్క బెంచీ మీద ఇద్దరు అభ్యర్థుల ఏజెంట్లు. మూలన తాటాకు తడిక. దాని వెనక ఒక స్టూలు, దారం కట్టిన పెన్సిలు. కావలసిన పేరుకు ఎదురుగా ఇంటూ గుర్తు పెట్టి, కాగితం మడిచి తెచ్చి పెట్టెలో వేయాలి. పెట్టె పక్కన నేను. రైఫిలు నేలకు ఆనించి, మడమలు కలిపి నిలబడ్డాను.

పది నలభైకి పల్లెవాళ్ళు వచ్చారు. ఆరాధనకు వచ్చినట్టే వచ్చారు. ఉతికిన బట్టలు, నూనె రాసి దువ్విన తలలు. పల్లెలో మా ప్రార్థన గుడి నుంచి నేరుగా వచ్చారని చూడగానే తెలిసింది. ముందు మా సంఘపెద్ద. అందరం పెద్దయ్య అనేవాళ్ళం. అందరికంటే వెనక మా నాయన దేవదానం. బస్రాలో లాన్స్ నాయకుగా పనిచేశాడు. వరస ఎక్కడున్నా చివర తాను నిలబడతాడు, అది ఆయన అలవాటు.

పెద్దయ్య మొదటి వోటు వేశాడు. పెట్టె మీద అరచేయి ఉంచి కళ్ళు మూసుకున్నాడు. పోతూ నా పక్కన అడుగు నెమ్మది చేసి, పెదవులు కదిలీ కదలకుండా అన్నాడు.

"పేరు గూడ రాసినా అబ్బాయ్. అందరం రాస్తాండాం. సాక్ష్యమంటే పేరుండాల గదా."

ఆ మాట నాకు ఎక్కడానికి కొంచెం సేపు పట్టింది. కానుక మనం ఎట్లా ఇస్తామో మీకు తెలుసు. ప్రతి ఇల్లూ జొన్నలో కొర్రలో గుడ్డలో కట్టి, పేరు రాసిన చీటీతో బల్ల మీద పెడుతుంది. సంఘ కార్యదర్శి ఒక్కొక్క చీటీ చదువుతాడు. అందరం ఆమేన్ అంటాము. చీటీ లేని మూట కనిపిస్తే ఇది ఎవరిదని అడుగుతారు. పేరు దాచి ఇచ్చేవాడికి విశ్వాసం తక్కువని మనం పసితనం నుంచి విన్నాము. ప్రభువును నలుగురిలో ఒప్పుకోవడానికి సిగ్గుపడకూడదు. న్యాయం వైపు వేసే వోటు కూడా అట్లాంటిదే అనుకున్నారు మావాళ్ళు. పేరు లేకుండా పెట్టెలో వేయడం వాళ్ళకు పిరికితనంగా తోచింది.

రూలు నాకు తెలుసు. కెప్టెన్ దొర మాకు విప్పి చెప్పాడు. వోటరు ఎవరో తెలిసే గుర్తు ఏది ఉన్నా ఆ కాగితం చెల్లదు. చెల్లని కాగితాలను ఏజెంట్లకు చూపించాలి. అంటే బావి పోయినట్టే. అదొక్కటే కాదు. ఎవరు ఎదురు వేశారో ప్రెసిడెంటుకు పేరు పేరునా తెలుస్తుంది. వాళ్ళ ఇళ్ళు ఆయన దిబ్బ మీద ఉన్నాయి. వరసలో ఇంకా ముప్పైమంది ఉన్నారు. 'పేరు రాయొద్దు' అంటే చాలు. రెండే మాటలు.

హవల్దారు వైపు చెయ్యి ఎత్తాను. వచ్చాడు. హిందుస్తానీలో గుసగుసగా చెప్పాను. ఆయన వరండాలోకి పోయాడు. సిగ్నలరు హ్యాండిలు తిప్పడం, తర్వాత అతని గొంతు వినిపించాయి.

"హలో, బడి పోస్టు. దొరగారిని పిలవండి."

రెండు నిమిషాలు. హవల్దారు తిరిగి వచ్చి నా చెవిలో అన్నాడు. "మన కాపలా పెట్టెకు. కాగితానికి కాదు. దొర మాట."

అంతటితో ఊరుకోలేదు ఆ మనిషి. పోలింగు ఆఫీసరు దగ్గరికి పోయి, తనకు వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలతో, గుర్తుల రూలు ఒకసారి వరసకు చదివి వినిపించమని అడిగాడు. రూలు తలుపుకు అంటించే ఉందని ఆఫీసరు అన్నాడు. ఉంది, ఇంగ్లీషులో. అయినా చదవడానికే లేవబోయాడు. ప్రెసిడెంటు ఏజెంటు బెంచీ మీద నుంచి కదలకుండా అన్నాడు.

"పొద్దున్నుంచి లేని రూలు ఇప్పుడేంది సార్? పల్లోళ్ళు వచ్చినాకనే గుర్తొచ్చెనా? చదవండి. నేనీడనే అర్జీ రాసిస్తా, ఎన్నిక రద్దు చెయ్యమని."

ఆఫీసరు కూర్చున్నాడు. ఆయన మెడ మీద చెమట కాలరు దాకా దిగింది. ఆంజనేయులు తరఫున కూర్చున్న బావమరిది ఏ రూలో తెలియక అందరి మొహాలూ చూశాడు. ప్రెసిడెంటు ఏజెంటుకు తెలుసునని నాకు అప్పుడు అర్థమైంది. ఒక ఇంటూ గుర్తుకు తడిక వెనక ఎంతసేపు పడుతుందో ఆయన పొద్దున్నుంచి చూస్తున్నాడు. పల్లెవాళ్ళకు దానికి మూడింతలు పడుతోంది.

అట్లా ఎనభై నిమిషాలు. ఒక్కొక్కరూ నా ముందు నుంచే పోయారు. మా మేనత్త సువార్తమ్మ వచ్చింది. భర్త బస్రాలో పోయాడు, ఆమెకు ఆ వోటు. పెట్టెలో కాగితం వేసి నా మొహంలోకి చూసింది.

"ఏందిరా, పొలంలో దిష్టిబొమ్మ మాదిరి నిలబడినావు? మేనత్తను జూస్తే గూడ మూతి కదలదా? సర్కారు కూడు అంత బిగుసుకపోయిందా నీకు?"

వరసలో నవ్వారు. ఏజెంటు కూడా నవ్వాడు. నవ్వుతూ నా నోటి వైపే చూస్తున్నాడు. నేను మాట్లాడతానని ఎదురు చూస్తున్నాడు. సైన్యంలో చేరిన రోజు నేను బైబిలు మీద చెయ్యి పెట్టి ప్రమాణం చేశాను. ఆ ప్రమాణాన్ని పట్టుకుని నిలబడ్డాను. ప్రభువా, నా నోటికి కావలి ఉంచు అని ప్రార్థించాను. మళ్ళీ వెంటనే, ప్రభువా, నా నోరు తెరువు అని ప్రార్థించాను. రెండూ ఒకే గుక్కలో. ఏది విన్నాడో నాకు ఈనాటికీ తెలియదు.

పన్నెండుకు నాయన లోపలికి వచ్చాడు. నన్ను చూడలేదు. డ్యూటీలో ఉన్నవాణ్ణి పలకరించకూడదని ఆయనకు తెలుసు. తడిక వెనక అందరికంటే ఎక్కువసేపు ఉన్నాడు. ఆయన కాగితం పెట్టెలో పడింది. నేను మాట్లాడలేదు.

ఐదు ఇరవైకి లెక్క మొదలైంది. పేరున్న కాగితం రాగానే, అది పైకి చదవాలని ప్రెసిడెంటు ఏజెంటు పట్టుబట్టాడు. ఆఫీసరు చదివాడు. పేరు, చెల్లదు. పేరు, చెల్లదు. ఏజెంటు ఒక పలక తీసుకుని రాసుకున్నాడు. ఒక వైపు నిండితే తిప్పి రెండో వైపు రాశాడు. నాయన తన పాత రెజిమెంటు నంబరు కూడా వేశాడు. లాన్స్ నాయకు దేవదానం, చెల్లదు. ముప్పై ఒకటీ పోయాయి. పద్దెనిమిది వోట్ల తేడాతో పాత ప్రెసిడెంటే మళ్ళీ ప్రెసిడెంటు.

మమ్మల్ని ఇంకా ఎనిమిది రోజులు ఉంచారు. శాంతి కోసమని. మేము ఉన్నంతకాలం ఎవరూ ఎవరి మీదా చెయ్యి చేసుకోలేదు. పనికి పిలవడం మాత్రం ఆగిపోయింది. మిలిటరీ కదిలిన పూటే దిబ్బ ఖాళీ చేయాలని ప్రెసిడెంటు నుంచి ముందే కబురు వచ్చింది. అందులో అయిదో రోజు హవల్దారు నాకు ఒక గంట పర్మిషన్ ఇచ్చాడు. పల్లెకు పోయాను. నాయన గడప దగ్గర చెప్పుకు తోలు వారు కుడుతున్నాడు. పేరుంటే వోటు చెల్లదని నాకు ముందే తెలుసునని, మీరు పేర్లు రాస్తున్నారని పెద్దయ్య వోటు వేసినప్పుడే తెలిసిందని చెప్పాను. కుట్టడం ఆపలేదు.

"నువ్వు నోరు తెరిచింటే రద్దయ్యేది. ఆర్డరు ఆర్డరే," అన్నాడు. "నాకైతే ముందే తెలిసినా పేరు రాసేటోణ్ణే. దాచిపెట్టి ఏసేది నాకు రాదు."

ఊపిరి వదిలాను. అప్పుడు ఆయన సూది పక్కన పెట్టాడు.

"మీ అత్తకన్నా చెప్పుంటే బాగుండె. ఇద్దరాడపిల్లలు గదరా దానికి."

గంట పూర్తికాకముందే లేచి వచ్చాను.

పోలింగు అయ్యాక తొమ్మిదో రోజు ఉదయం ఆరుకు కదిలాము. బరువు అంతే, తూటాలు యాభై యాభైకీ ఉన్నాయి. రెండో మైలు దగ్గర పల్లెవాళ్ళను దాటవలసి వచ్చింది. తెల్లవారకముందే బయలుదేరినట్టున్నారు. మార్కాపురం పలకల గనుల్లో కూలి దొరుకుతుందని పోతున్నారు. కుండలు, కోళ్ళ గంపలు, వాసాలు. పసివాళ్ళను చంకన వేసుకున్న ఆడవాళ్ళు. బూట్ల చప్పుడు విని రోడ్డు దిగి పక్కకు నిలబడ్డారు.

ఆ తర్వాత నేను చాలా చోట్లకు పోయాను. యుద్ధం అయ్యాక పింఛనుతో ఇంటికి వచ్చాను. ఇల్లంటే మార్కాపురంలో గనుల పక్కన నాయన వేసుకున్న పాక. ఆయన పోయి చాలా కాలమైంది. సంఘం పెరిగింది, మీరంతా ఉన్నారు, దేవునికి స్తోత్రం. కాని కళ్ళు మూసుకుంటే నాకు వచ్చేది ఆ రోడ్డే. చివర నాయన ఉన్నాడు. గుడి తలుపు ఊడదీసి వీపు మీద మోస్తున్నాడు. మమ్మల్ని చూసి దాన్ని దింపి నిలబెట్టి, పడకుండా ఎడమ చేత్తో పట్టుకుని, మడమలు కలిపి కుడి చేత్తో సెల్యూట్ చేశాడు. ఆఫీసర్లు ఎదురైతే తప్ప ఇవ్వని ఆజ్ఞ హవల్దారు గట్టిగా ఇచ్చాడు. "దాహినే దేఖ్!" పన్నెండు తలలు కుడికి తిరిగాయి. నాదీ తిరిగింది. గోడ లేదు, గడప లేదు. దుమ్ములో ఒక తలుపు నిలబడి ఉంది, దాన్ని పట్టుకుని నాయన.