సగం చేరిన లాంచీ ఆట

కరెంటు పోయి పక్కగదిలో యూపీఎస్ కీచుమన్నప్పుడల్లా ఇప్పటికీ చేస్తున్న పని ఆపేస్తాను. ఆ చప్పుడుతోపాటు రాజమండ్రి కోటగుమ్మం దగ్గర భాస్కరం గారి టీవీ రిపేరు కొట్టు, అక్కడి టంకం వాసన గుర్తొస్తాయి.

వైఫై అనే మాట మా ఊరికి కొత్తగా వచ్చిన రోజులవి. చేతిలో ఇమిడే గేమ్ పరికరానికి ఆయన సొంతంగా ఆటలు రాసేవారు. తీగ లేకుండా అందులోంచి కంప్యూటర్‌కి ఫైళ్లు పంపే ప్రోగ్రాం కూడా ఆయన రాసుకున్నదే. అప్పట్లో నేను పత్రికా విలేకరిని. నా రికార్డర్ చెడిపోతే ఆ పరికరానికే మైకు తగిలించి ఇచ్చారు. దానితోనే గోదావరి గట్టు పనుల కాంట్రాక్టర్‌ను మాట్లాడించాను. మట్టికి బదులు ఇసుక పోశామని తన నోటితోనే చెప్పాడు. వార్త అచ్చయ్యాక "నేనలా అనలేదు" అన్నాడు. సాయంత్రంలోగా రికార్డింగు వినిపించకపోతే ఉద్యోగం వదులుకోమన్నారు మా ఎడిటర్.

తీరా చూస్తే పరికరం స్పీకరు పలకడం లేదు, మెమరీ కార్డేమో అందులోనే ఇరుక్కుపోయింది. లాగితే విరుగుతుంది. మిగిలింది వైఫై దారే.

"పంపెయ్యండి భాస్కరం గారూ."

"ఆగండి. కార్డులో చోటు చాలదని, పంపడం ఆగగానే ఫైలు చెరిగిపోయేలా రాశాను. అవతల చేరిందో లేదో అది చూడదండి."

"ఇన్నాళ్లూ చేరాయి కదా?"

"అవి ఆటలండీ. పోతే నేనే ఏడ్చేవాణ్ణి. ఇది పోతే మీ ఆవిడొచ్చి నా కొట్టు ముందు కూర్చుంటుంది."

పరీక్షకని ముందు తన ఆటల్లోకెల్లా పెద్దదాన్ని పంపారు. గోదావరిలో లాంచీ నడిపే ఆట. నెలల తరబడి రాసింది. సగం వెళ్లిందో లేదో కరెంటు పోయింది. యూపీఎస్ మీద కంప్యూటర్ నిలిచింది గానీ వైఫై డబ్బా ఆరిపోయింది. అవతల సగమే వచ్చింది. ఇవతల కార్డులో అసలుదీ లేదు.

"ఇంకో కాపీ ఉందాండీ?"

"లేదండి." కళ్లజోడు తీసి చాలాసేపు తుడుచుకున్నారు. "కార్డులో చోటైతే దొరికింది కదా. మీ రికార్డింగుకి అందులోనే ఇంకో కాపీ తీద్దాం."

వైఫై డబ్బాను కూడా యూపీఎస్‌కి తగిలించి ఒక కాపీ పంపారు. "ఇసుకేనండీ, మట్టెక్కడ దొరుకుద్ది" అన్న కాంట్రాక్టర్ గొంతు కంప్యూటర్‌లో పలికేదాకా నేను యూపీఎస్ పక్కనే నిలబడ్డాను. భాస్కరం గారు చివరిదాకా విన్నాకే కుర్చీలోంచి లేచారు.

ఇప్పుడు మా డెస్కులో ఎవరైనా "పంపేశానండి" అంటే "అందిందా?" అని అడుగుతాను. అవతలివారు తెరిచి చూసి చెప్పేదాకా నా దగ్గరున్నది చెరపను. ఆ రోజు ఆయన్ని అడిగి సగం లాంచీ ఆటను కూడా తెచ్చుకున్నాను. కంప్యూటర్లు ఎన్ని మారినా వెంట తెచ్చుకుంటూనే ఉన్నాను. అది తెరుచుకోదు.