బావగారి ఓటు

మొన్న కెనడాలో, మా సార్నియాలో, మా పేట చర్చి హాల్లో ఓటు వేసి ఇంటికి వచ్చేసరికి, మా బేస్‌మెంట్‌లో అద్దెకుంటున్న, ఇండియా నుంచి చదువుకి వచ్చిన కాలేజీ అమ్మాయి ఎదురై, "అంకుల్, డ్రైవింగ్ లైసెన్స్ ఉంటే మేము కూడా ఓటు వేయొచ్చా?" అని సరదాగా అడిగింది. నేను ఆ పిల్ల మీద ఇంతెత్తున లేచాను. పాపం, బిక్కమొహం వేసుకుని కిందికి వెళ్ళిపోయింది. ఆ మాట వినగానే నాకు మా బావగారు గుర్తొచ్చారని ఆమెకు ఎలా తెలుస్తుంది?

బావగారంటే మా అక్క భర్త. నేను ఇక్కడి కెమికల్ ప్లాంట్‌లో పనిచేస్తున్న రోజుల్లో వాళ్ళు నదికి అటు ఒడ్డున, వంతెన దాటగానే వచ్చే అమెరికాలోని మిషిగన్ రాష్ట్రంలో ఉండేవారు. గ్రీన్ కార్డు వచ్చిన కొత్తలో ఆయన లైసెన్స్ మార్పించుకోవడానికి వెళితే, అక్కడి పద్ధతి ప్రకారం కౌంటర్లో ఉన్నావిడ ఓటరుగా కూడా నమోదు చేయమంటారా అని అడిగింది. మన దగ్గర సిమ్ కార్డుకూ గ్యాస్ కనెక్షన్‌కూ కూడా ఓటరు కార్డు చూపించమంటారు కదా, కాకినాడలో పెరిగిన మనిషి, అలాంటి కార్డొకటి చేతిలో ఉంటే మంచిదేననీ, ప్రభుత్వ ఆఫీసులో వాళ్ళే అడుగుతున్నారంటే తనకు అర్హత ఉన్నట్టేననీ అనుకుని సంతకం పెట్టేశారు. "నేను ఈ దేశ పౌరుణ్ణి" అన్న మాట ఆ సంతకానికి సరిగ్గా పైనే ఉందని ఆయన చూసుకోలేదు.

నవంబరులో పోలింగ్ నాడు ఇస్త్రీ చొక్కా వేసుకుని పొద్దున్నే వెళ్ళి అందరికంటే ముందు నిలబడ్డారట. గవర్నరు దగ్గర్నుంచి జడ్జీలు, స్కూలు బోర్డు సభ్యులు, చివరికి మురుగు కాలవలు చూసే కమిషనరు దాకా ఒకే పొడుగాటి కాగితం మీద ఓటట, ఒక్కో పేరు పక్కన ఉన్న సున్నాను పెన్నుతో నింపాలట. "కాలవలాయన్ని కూడా మనమే ఎన్నుకోవాలంటయ్యా, మన కాకినాడలో ఈ పద్ధతి పెడితే దోమల బాధ వదిలిపోద్ది!" అని ఫోన్లో పగలబడి నవ్వారు. చొక్కాకు అంటించుకున్న స్టిక్కరుతో ఫొటో పంపితే బంధువులందరం తెగ మెచ్చుకున్నాం.

కొన్నేళ్ళకు సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూలో, ఇక్కడ ఎప్పుడైనా ఓటు వేశారా అని అడిగితే, గర్వంగా వేశానండీ అన్నారు. అంతే. పౌరుడు కానివాడు ఓటు వేయడం నేరమనీ, సిటిజన్‌షిప్ మాట అటుంచి గ్రీన్ కార్డుకే ముప్పొచ్చిందనీ లాయరు చెప్పేదాకా ఆయనకు తెలియదు. కోర్టు చుట్టూ తిరిగి తిరిగి, చివరికి తనంతట తానే దేశం విడిచి వెళ్ళడానికి ఒప్పుకున్నారు.

సరిగ్గా అప్పుడే ఇక్కడ మా సార్నియా కాలేజీకి మన పిల్లలు తండోపతండాలుగా వస్తున్నారు. యాభై దాటిన మనిషి, భార్యాబిడ్డలకు దగ్గరగా ఉండొచ్చన్న ఆశతో, ఆ పిల్లల్లో ఒకడిగా స్టడీ పర్మిట్ మీద వచ్చి మా ఇంట్లో చేరారు. మొదటిరోజు క్లాసులో పిల్లలు ఆయన్ను చూసి లెక్చరరనుకుని లేచి నిలబడ్డారట. ఆదివారాలు అక్క, మేనకోడలు వంతెన దాటి వచ్చేవారు. వాళ్ళ కారు వెళ్ళిపోయాక ఆయన నది ఒడ్డున నిలబడి అటే చూసేవారు, చలి అని మా ఆవిడ పిలిచినా వచ్చేవారు కాదు. చదువయ్యాక వర్క్ పర్మిట్ మీద కొంతకాలం నెట్టుకొచ్చారు గానీ, ఆ వయసుకు పాయింట్లు రాక, ఇక్కడ శాశ్వతంగా ఉండనిచ్చే పీఆర్ అందలేదు. ఒంటరిగా కాకినాడ వెళ్ళిపోయారు. పిల్ల చదువు కోసం అక్క మిషిగన్‌లోనే ఉండిపోయింది.

మన తరానికి పోలింగ్ అంటే పండగే కదా, వేలి మీద సిరా చుక్క చూపించుకుంటూ, ఎవరికి వేశామో చెప్పకుండా ఒకరినొకరు ఊరించుకుంటూ తిరిగేవాళ్ళం. మా కుటుంబంలో ఆ సరదా చచ్చిపోయింది. ఈమధ్య కాకినాడలో ఓటర్లను నమోదు చేసేవాళ్ళు ఇంటికి వచ్చారని బావగారే ఫోన్లో చెప్పారు. ఏ భయమూ లేకుండా ఆయన వేయగలిగిన ఓటు ఈ భూమ్మీద అదొక్కటే. రాయించుకోకపోతే ఏమైనా కేసవుతుందా అండీ అని అడిగారట. అదేం లేదన్నారట వాళ్ళు. అయితే నాకొద్దండీ అని తలుపు వేసుకున్నారట.