పదకొండో పేజీ

తొమ్మిదేళ్ళుగా ఒక్క వాక్యం బరువు మోస్తున్నాను. నా చేత్తో రాసిందే. ఎవరికీ చెప్పలేదు, ఇంట్లో కూడా. మీకెందుకు చెబుతున్నానంటే, మీరు నన్ను ఎరగరు. ఇక దాచుకునే ఓపిక కూడా నాకు లేదు.

అప్పుడు నేను జగిత్యాలలో ఒక ప్రభుత్వ కార్యాలయంలో సీనియర్ అసిస్టెంటును. సిబ్బంది ప్రమోషన్ల ఫైళ్ళు నా సీటులోనే ఉండేవి. పక్క సీటు రాజేశంది. సిరిసిల్లలో మరమగ్గాల వాడ నుంచి వచ్చినవాడు. వయసులో నాకన్నా చిన్న, సర్వీసులో ముందు. రిజిస్టరు దిద్దాడని ఎవరో ఫిర్యాదు చేస్తే పోలీసు కేసయింది. జీపు వాళ్ళ వాడకే వచ్చి, అందరూ చూస్తుండగా తీసుకుపోయింది. కేసు నడిచినంత కాలం అతని ప్రమోషన్ సీలు వేసిన కవర్లో ఉండిపోయింది. కోర్టు కొట్టేస్తే కవరు విప్పాలి. విప్పితే సూపరింటెండెంటు ఖాళీ అతనిది. విప్పకపోతే ఆ తర్వాతి పేరు నాది.

నా పేరున్న వ్యవహారంలో నేను నోటు పెట్టకూడదు. నాకు తెలుసు. ఎవరూ అడగలేదు, నేనూ అనలేదు.

కోర్టు కేసు కొట్టేసింది. తీర్పు నకలు అతనే తెచ్చి నా చేతిలో పెట్టాడు.

“అన్నా, కేసు కొట్టేసిన్రంటే మా వాడల ఎవ్వలు నమ్ముతలేరు. మా అవ్వ సుత నమ్ముతలేదు. ప్రమోషన్ అచ్చిందంటెనే నమ్ముతది.”

“అస్తది తియ్. కాయిదం ఇటియ్యి.”

“గీ పదకొండో పేజీ జర సూడు అన్నా. అసలు సంగతంత గండ్లనే ఉన్నది.”

“సూస్త. నువ్వు రంది పెట్టుకోకు.”

మా ఆఫీసుల్లో తీర్పు ఎవరూ చదవరు. దాని మీద గుమాస్తా పెట్టిన నోటు చదివి సంతకం పెడతారు. తొమ్మిదో పేజీలో జడ్జి ఒక సాక్షి గురించి చెబుతూ, సందేహముంటే దాని లాభం ముద్దాయికే అని మాటవరసకు అన్నాడు. పదకొండో పేజీలో అసలు ఫిర్యాదే కల్పితమని తేల్చేశాడు. నేను తొమ్మిదో పేజీ మాట పట్టుకుని రాశాను: “సంశయ లాభం కింద విడుదలైనట్లు కనిపిస్తున్నది. న్యాయ సలహా కోరవచ్చును.” కనిపిస్తున్నది! ఎంత మర్యాదైన మాట. అబద్ధమని ఎవరూ అనలేరు. పూర్తి నిర్దోషి కాదేమో అన్న అనుమానం చాలు, కవరు విప్పకుండా ఆపడానికి.

ఫైలు హైదరాబాదుకు పోయింది. ఒక ప్రశ్నతో తిరిగొచ్చింది, జవాబుతో మళ్ళీ పోయింది. ఈలోగా ఖాళీ నాకు వచ్చింది. కోరుట్లలో సూపరింటెండెంటు కుర్చీలో కూర్చున్న రోజు రాజేశం స్వీట్లు పట్టుకుని బస్సులో వచ్చాడు. అసూయైనా లేదు ఆ మనిషికి. ఉంటే నాకు కొంత తేలికయ్యేదేమో.

మూడేళ్ళకు వాళ్ళ అవ్వ పోయింది. సిరిసిల్ల వెళ్ళాను. ఆ గల్లీలో ఆ పూట మగ్గాలు ఆపేశారు. ఎప్పుడూ చప్పుడుండే చోట అంత నిశ్శబ్దంలో నిలబడలేకపోయాను. కొడుకు తప్పు చేశాడనుకుంటూనే పోయిందా ఆమె? అడిగే ధైర్యం నాకెక్కడిది?

పోయిన నెల రాజేశం రిటైరయ్యాడు, సీనియర్ అసిస్టెంటుగానే. ఫైలు ఇంకా రాలేదు. శాలువా కప్పాక మైకు తీసుకుని, “మా అన్న నా ఫైలు కోసం శానా తిప్పల పడ్డడు” అని నన్ను చూపించాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. ఏం చేయాలో తోచక కొట్టాను.

అతనికి చెప్పాలి. చెప్పగలనా? ఇప్పుడు చెప్పినా ఆ ముసలామె వినదు కదా. చెప్పకపోవడానికి ఇదొక సాకు అని కూడా తెలుసు నాకు. సాకులు వెతకడంలో నాది అందె వేసిన చేయి. పని ఒత్తిడిలో పదకొండో పేజీ చదవడం మరిచిపోయానని ఇన్నేళ్ళూ నాకు నేనే చెప్పుకున్నాను. దాదాపు నమ్మాను కూడా.

చదివాను. రెండుసార్లు చదివాను. చదివాకే ఆ నోటు రాశాను.

ఈ మాట కాగితం మీద పెట్టడానికి తొమ్మిదేళ్ళు పట్టింది. ఈ వాక్యంలో “కనిపిస్తున్నది” అని లేదు.